సంధి ఎవరు చేయాలి?

సంధి అనగానే తెలుగు పాఠం చెప్పే మావంటి వారికి మొదట వ్యాకరణం స్ఫురిస్తుంది; ఆ తరువాత నీతికథలు స్ఫురిస్తాయి. పరవస్తు చిన్నయసూరి నీతిచంద్రికలో మిత్రలాభాన్ని, మిత్రభేదాన్ని తెనిగించి విడిచిపెట్టగా, మిగిలిన సంధి విగ్రహాలకు తరువాతివారు పూనుకొన్నారు. రాజులు ఎప్పుడు పోరాడాలి, ఎప్పుడు సమాధానపడాలి అన్న విచారమే ఆ కథల సారం. అయితే ఈ కాలానికి మరొక సంధి అవసరమైనది. అది కూలి ఇచ్చేవానికీ, కూలి పుచ్చుకొనేవానికీ నడుమ జరుగవలసిన సంధి. ఆ సంధిని గూర్చి ఒక జీవితకాలం ఆలోచించి, పోరాడి, గ్రంథం వ్రాసిన తెలుగువారు ఒకరున్నారు. ఆయన పేరు మన పిల్లలందరికీ తెలుసును. ఆయన ఆలోచన మాత్రం పెద్దలలో కూడా చాలమందికి తెలియదు.

ఆయన వరాహగిరి వేంకటగిరి. భారతదేశపు నాలుగవ రాష్ట్రపతి ఎవరని ప్రశ్నపత్రంలో అడిగితే విద్యార్థి తడుముకోకుండా వి. వి. గిరి అని వ్రాస్తాడు. కొంచెం శ్రద్ధగలవాడైతే 1969లో స్వతంత్ర అభ్యర్థిగా నిలిచి గెలిచారనీ, 1975లో భారతరత్న పొందారనీ చేరుస్తాడు. అంతటితో మార్కులు వస్తాయి. ఉపాధ్యాయుడూ తృప్తిపడతాడు. కాని 1958లో ప్రకటితమైన ‘లేబర్ ప్రాబ్లమ్స్ ఇన్ ఇండియన్ ఇండస్ట్రీ’ అనే ఆయన గ్రంథాన్ని గూర్చి మన పాఠాలలో ఒక్క వాక్యమైనా కనబడదు. ఆయన అధిష్ఠించిన పదవులన్నీ ఒక ఎత్తు; కార్మిక సంబంధాలను గూర్చిన ఆయన విచారం ఒక్కటీ ఒక ఎత్తు అని నా అభిప్రాయం. పదవులు ఆయనతో ముగిసినవి. ఆ విచారానికి ఇంకా పని మిగిలి ఉన్నది.

పుస్తకాల గదిలో కూర్చుండి కార్మిక శాస్త్రం నేర్చిన పండితుడు కాదాయన. 1894లో నాటి గంజాం జిల్లా బరంపురంలో పుట్టి, 1913లో న్యాయశాస్త్రం చదవటానికి ఐర్లండులోని డబ్లిన్ నగరం వెళ్ళారు. సరిగ్గా ఆ సంవత్సరమే అక్కడి యజమానులు ఒక కట్టుగా చేరి, ఫలానా సంఘంలో ఉండబోమని వ్రాసి ఇస్తేగాని పనిలోనికి రానీయమని తలుపులు మూశారు. నెలల తరబడి వేలాది కుటుంబాలు పస్తులున్నవి. 1914 తొలి నెలలలో కార్మికులు ఓడి పనికి మళ్ళిపోయారు. ఆ పోరాటానికి నాయకులలో ఒకరైన జేమ్స్ కనోలీని 1916 తిరుగుబాటు తరువాత ఆంగ్ల ప్రభుత్వం కాల్చి చంపింది. ఐరిష్ జాతీయవాదులతో సంబంధం ఉన్నదన్న అనుమానంపై గిరిగారిని ఆ ఏడే దేశం విడిచి పొమ్మన్నారు. సంఘమనేది లేకుండా చేయటానికి యజమాని ఎంత దూరం పోగలడో ఇరువది యేండ్ల వయస్సులోనే ఆయన కండ్లారా చూశారు.

స్వదేశానికి వచ్చిన తరువాత ఆయన రైల్వే పనివారి నడుమ పనిచేశారు. బెంగాల్ నాగపూర్ రైల్వేలో సంఘం నిలబెట్టి, సమ్మె నడిపి, రాజీ కుదిర్చారు. అఖిల భారత రైల్వే కార్మిక సమాఖ్య స్థాపకులలో ఆయన ఒకరు. 1926లో అఖిల భారత ట్రేడ్ యూనియన్ కాంగ్రెసుకు అధ్యక్షులైనారు. 1927లో జెనీవాలోని అంతర్జాతీయ కార్మిక మహాసభకు భారత కార్మికుల ప్రతినిధిగా వెళ్ళారు. 1937 ఎన్నికలలో బొబ్బిలి రాజావారిని ఓడించి, మద్రాసు రాష్ట్రంలో కార్మిక, పరిశ్రమల మంత్రి అయినారు. బేరం చేసే బల్లకు మొదట కార్మికుని వైపు, తరువాత ప్రభుత్వం వైపు కూర్చున్న ఈ అనుభవమే ఆయన గ్రంథానికి మూలధనం.

ఆయన వాదం బోధపడాలంటే అప్పటి చట్టాల స్థితి కొంత తెలియాలి. 1918లో మద్రాసులో బకింగ్‌హాం కర్నాటక్ మిల్లుల పనివారితో బి. పి. వాడియా ప్రభృతులు మద్రాసు కార్మిక సంఘాన్ని స్థాపించారు. కొద్దికాలానికే యజమానులు నాయకులపై హైకోర్టులో దావా వేసి నిషేధపు ఉత్తరువు తెచ్చారు. పనివారు కూడి మాట్లాడుకోవటమే ఆ రోజులలో చట్టరీత్యా ప్రమాదకరమైన పని. 1926 ట్రేడ్ యూనియన్ల చట్టంతో ఆ ప్రమాదం తగ్గింది. ఏడుగురు కలిసి సంఘాన్ని రిజిస్టరు చేయించుకోవచ్చును. కాని ఆ సంఘంతో యజమాని మాట్లాడి తీరాలన్న నిబంధన మాత్రం అందులో లేదు. 1947లో అటువంటి సవరణ ఒకటి శాసనసభ ఆమోదం పొందింది గాని, అది ఎన్నడూ అమలులోనికి రాలేదు. అంటే సంఘానికి పుట్టే హక్కు లభించింది. పలికే హక్కు లభించలేదు.

దానికి బదులుగా మరొకటి వచ్చింది. యుద్ధకాలంలో, 1942లో, తగవును ప్రభుత్వమే న్యాయనిర్ణేతకు అప్పగించి, ఆ తీర్పును ఉభయులపైనా విధించే అధికారం దేశ రక్షణ నిబంధనల ద్వారా ఏర్పడింది. యుద్ధం ముగిసినది గాని ఆ అధికారం ముగియలేదు. 1947 పారిశ్రామిక వివాదాల చట్టంలో అది స్థిరపడింది. కార్మికులకూ యజమానికీ తగవు వస్తే ప్రభుత్వం దానిని ట్రిబ్యునలుకు పంపవచ్చును. పంపిన పిమ్మట సమ్మెను నిషేధించవచ్చును. వెలువడిన తీర్పుకు ఇరువురూ కట్టుబడాలి. పంపటమా, మానటమా అన్నది ప్రభుత్వం ఇష్టం. దీనినే నిర్బంధ న్యాయనిర్ణయం అంటారు.

పైకి ఇది ధర్మంగానే కనబడుతుంది. బలవంతునికీ బలహీనునికీ తగవు వస్తే మధ్యస్థుడు తీర్పు చెప్పటంలో తప్పేమున్నది? ఇక్కడే గిరిగారు సామాన్యుల ఊహకు అడ్డం తిరిగారు. కార్మికుల మనిషి అయి ఉండి, కార్మికులకు రక్షణ అని అందరూ అనుకొంటున్న ఈ పద్ధతినే కార్మికోద్యమానికి ప్రధాన శత్రువుగా ఆయన ఎంచారు.

రొట్టె కోసం తగవులాడుకొన్న రెండు పిల్లుల కథ మన చిన్న తరగతుల పిల్లలకు కూడా తెలుసు. తీర్పు చెప్పటానికి వచ్చిన కోతి తూకం సరిచేసే నెపంతో రొట్టె అంతా తినివేసింది. కథలోని నీతిని కోతి దుర్బుద్ధి మీదికి నెట్టి మనం ఊరకుంటాము. కోతి మంచిదే అనుకొందాము. సరిగా తూచి చెరి సగం ఇచ్చిందే అనుకొందాము. అప్పటికైనా పిల్లులకు పంచుకోవటం వచ్చినదా? రేపు మరొక రొట్టె దొరికితే మళ్ళీ కోతిని వెదుక్కొంటూ పోవలసినదే. గిరిగారి ఆక్షేపణ న్యాయనిర్ణేత చెడ్డవాడని కాదు. మంచివాడైనా ఈ నష్టం తప్పదని.

ఆయన వాదాన్ని నా మాటలలో చెబుతాను. ట్రిబ్యునల్ ఉన్నదని తెలిసినప్పుడు ఉభయులూ ఎదురెదురుగా కూర్చుండి మాట్లాడటం మానివేస్తారు. న్యాయనిర్ణేత ఎటూ కొంత తగ్గిస్తాడు గనుక కార్మికుడు ఎక్కువ అడుగుతాడు. ఎటూ కొంత పెంచుతాడు గనుక యజమాని తక్కువ చెబుతాడు. మాటలతో తీరే తగవు వ్యాజ్యంగా మారుతుంది. వ్యాజ్యానికి వకీలు కావాలి, వాయిదాలు కావాలి, అప్పీళ్ళు కావాలి. సంఘానికి బలం సభ్యుల ఐకమత్యంలో గాక వకీలు నైపుణ్యంలో ఉన్నదన్న భ్రమ కలుగుతుంది. సభ్యుడు చందా కట్టటం, సభకు రావటం తగ్గిస్తాడు. చివరకు తీర్పు వస్తే ఒకరు గెలిచినట్లు, ఒకరు ఓడినట్లు లెక్క. ఆ ఇద్దరూ మరునాడు ఒకే కప్పు క్రింద పనిచేయాలి. ఓడినవాని మనస్సులో కసి మిగులుతుంది. తాము చేసుకొన్న ఒడంబడిక అయితే, అందులో లోపాలున్నా, అది తమది అన్న బాధ్యత ఇద్దరికీ ఉంటుంది.

ఇది సమ్మెలను ఎగదోసే వాదం కాదు. సమ్మె ఆఖరి ఆయుధమనే ఆయన మతం. ముందు కర్మాగారంలోనే ముఖాముఖి చర్చ జరగాలి. అది కుదరకపోతే ఉభయులూ ఇష్టపడి ఎంచుకొన్న మధ్యవర్తి తీర్పు చెప్పాలి. ఎంచుకొన్న మధ్యవర్తికీ, నెత్తిన పెట్టిన న్యాయనిర్ణేతకూ ఎంతో భేదమున్నది.

1952లో గిరిగారు కేంద్ర కార్మిక మంత్రి అయినారు. ఆ ఏడు అక్టోబరులో నైనితాల్‌లో జరిగిన భారత కార్మిక సమావేశంలో ఈ మార్గాన్ని దేశం ముందు పెట్టారు. దానికి ‘గిరి మార్గం’ అన్న పేరు వచ్చింది గాని మద్దతు రాలేదు. యజమానులు సంశయించటంలో వింత లేదు; కార్మిక సంఘాలలోనే చాలమంది భయపడ్డారు. ఆ భయం అకారణమైనది కాదు. అప్పటి సంఘాలు బలహీనమైనవి. ఒక్కొక్క మిల్లులో రెండు మూడు సంఘాలు, ఒకదానితో ఒకటి పోరు. ట్రిబ్యునల్ లేకపోతే యజమాని తమను లెక్కచేస్తాడా అని వారి ప్రశ్న. అదిగాక, మొదటి పంచవర్ష ప్రణాళిక నడుస్తున్న రోజులవి. ఉత్పత్తి పెరగవలసిన వేళ సమ్మెలకు తావిస్తే దేశం ఏమవుతుందని ప్రభుత్వంలోని పెద్దల ప్రశ్న.

మొదటి ప్రశ్నకు ఒకటే సమాధానం కనబడుతుంది. కాలు బలహీనంగా ఉన్నదని కర్ర ఇస్తాము. ఆ కర్ర ఎన్నటికీ తీయకపోతే కాలికి బలం ఎప్పుడు వస్తుంది? రెండవ ప్రశ్న అంతకన్న లోతైనది. ఆర్థిక పరివర్తన కాలంలో కార్మికుని నోరు మూయించి ఉత్పత్తి పెంచవచ్చునా? పల్లె విడిచి, పొలం విడిచి మిల్లులోనికి వచ్చిన మనిషికి గంటకొట్టి పనిచేయటం నేర్పగలము. ఆ పని తనదన్న భావం ఉత్తరువుతో పుట్టించలేము. తన కూలిని గూర్చి తాను మాట్లాడగలిగిన చోటనే అది పుడుతుంది.

ఇక గిరిగారి జీవితంలో నాకు ఎక్కువగా పాఠం చెప్పిన ఘట్టం. బ్యాంకు ఉద్యోగుల జీతాల తగవు అప్పటికే కొన్ని యేండ్లుగా సాగుతున్నది. ఒక ట్రిబ్యునల్ 1950లో తీర్పు చెప్పగా సుప్రీంకోర్టు 1951లో దానిని చెల్లదన్నది. శాస్త్రి ట్రిబ్యునల్ 1953లో మరొక తీర్పు ఇచ్చింది. దానిపై అప్పీలు విని కార్మిక అప్పిలేట్ ట్రిబ్యునల్ 1954లో నిర్ణయం చెప్పింది. ఉద్యోగులకు కొంత ఊరట కలిగింది. ఇంతలో, చిన్న బ్యాంకులు, చిన్న ఊళ్ళ శాఖలు ఈ భారం మోయలేవన్న కారణం చూపి, 1954 ఆగస్టులో కేంద్ర ప్రభుత్వం ఆ నిర్ణయాన్ని సవరించింది. చట్టం ప్రభుత్వానికి ఆ అధికారం ఇచ్చి ఉన్నది. గిరిగారు మంత్రి పదవికి రాజీనామా ఇచ్చారు.

ఇక్కడ చురుకైన విద్యార్థి ఎవరైనా లేచి అడగవలసిన ప్రశ్న ఒకటున్నది. నిర్బంధ న్యాయనిర్ణయమే వద్దన్న మనిషి, అటువంటి న్యాయనిర్ణయాన్ని మార్చారని పదవి వదలుకోవటం ఏమిటి? తన సిద్ధాంతానికి తానే విరుద్ధంగా నడచినట్లు కాదా?

కాదని నా మనవి. ఆ రాజీనామాలోనే ఆయన సిద్ధాంతం పూర్తిగా వెల్లడి అయినది. ప్రభుత్వం కార్మికునితో ఏమన్నది? నీవు సమ్మె చేయవద్దు, నీ ఆయుధం నాకిచ్చి వేయి, న్యాయమూర్తి చెప్పినట్లు నడుచుకొందామన్నది. కార్మికుడు నమ్మి ఆయుధం ఇచ్చాడు. యేండ్ల తరబడి వేచి ఉన్నాడు. తీర్పు వచ్చిన తరువాత ప్రభుత్వం, ఈ తీర్పు మాకు అనుకూలంగా లేదు గనుక మారుస్తామన్నది. అప్పుడు కార్మికునికి మిగిలినదేమిటి? బేరమాడే హక్కు ముందే పోయింది. తీర్పు మీద నమ్మకం ఇప్పుడు పోయింది. తనకు నచ్చని పద్ధతి అయినా, అది అమలులో ఉన్నంతకాలం దాని మాట నిలబెట్టాలని గిరిగారు భావించారు. మూడవవాని చేతిలో పెట్టిన సంధిని నాలుగవవాడు వచ్చి చెరిపివేయగలడన్న సత్యం ఆ ఘట్టంలో దేశానికి కనబడింది. అందుకనే సంధి ఆ ఇద్దరి చేతిలోనే ఉండాలని ఆయన మొదటినుండీ అన్నారు.

తరువాతి కథ ఆయన పక్షాన సాక్ష్యం పలికింది. 1955లో జస్టిస్ గజేంద్రగడ్కర్ కమిషన్ ఆ వ్యవహారాన్ని విచారించి, అప్పిలేట్ ట్రిబ్యునల్ నిర్ణయాన్ని చాలవరకు నిలబెట్టింది. ప్రభుత్వం ఆ సిఫార్సులను అంగీకరించి చట్టం చేసింది. 1958లో మళ్ళీ నైనితాల్‌లోనే జరిగిన కార్మిక సమావేశం క్రమశిక్షణ నియమావళిని ఆమోదించి, సంఘాల గుర్తింపును స్వచ్ఛందంగానైనా ఒప్పుకొన్నది. అదే గజేంద్రగడ్కర్ అధ్యక్షతన ఏర్పడిన మొదటి జాతీయ కార్మిక కమిషన్ 1969లో తన నివేదికలో ఉభయపక్షాల ఒడంబడికకే ప్రాధాన్యం ఇవ్వాలని సూచించింది. ఆ ఏడే గిరిగారు రాష్ట్రపతి అయినారు.

అయితే గిరిగారి మార్గానికి ఒక హద్దు ఉన్నదని ఒప్పుకొనక తప్పదు. ఆయన కండ్ల ముందున్నది రైల్వే కార్మికుడు, మిల్లు కార్మికుడు. వానికి మస్టరులో పేరున్నది. యజమాని ఎవరో తెలుసు. తోటివారు వేలమంది ఒకేచోట ఉన్నారు. ఇంటిలో కూర్చుండి బీడీలు చుట్టే స్త్రీకి తోటివారు ఎక్కడ? మేస్త్రీ వెంట ఊరూరా తిరిగే కట్టడపు కూలీ ఎవరితో బేరమాడాలి? మోటారు సైకిలుపై ఇంటింటికీ భోజనం మోసే నేటి యువకునికి పని చెప్పేది చేతిలోని ఫోను. దానితో సంధి ఎట్లా చేస్తాడు? సంధికి ఇరుపక్షాలు కావాలి. ఒక పక్షం కంటికి కనబడనిచోట బేరం లేదు. అటువంటి వారికి 1948 కనీస వేతనాల చట్టం వంటి రక్షణ ముందు కావాలి. ఇంతకన్న తక్కువ కూడదని నేల చట్టం కట్టాలి. ఆ నేల మీద గోడ ఎంత ఎత్తు లేవాలన్నది ఉభయులూ మాట్లాడుకోవాలి. గిరిగారి సిద్ధాంతాన్ని ఈ చేర్పుతో చదువుకోవటం న్యాయమని తలుస్తాను.

ఈ విచారం పాతబడినది కాదు. 2020లో పార్లమెంటు ఆమోదించిన పారిశ్రామిక సంబంధాల స్మృతి 2025 నవంబరు 21న అమలులోనికి వచ్చింది. పనివారిలో 51 శాతం మంది మద్దతుగల సంఘాన్ని యజమాని చర్చల సంఘంగా గుర్తించాలని అందులో ఉన్నది. వివాదాన్ని ట్రిబ్యునలుకు పంపటమా, మానటమా అన్న ప్రభుత్వపు ఇష్టాయిష్టాలు తొలగి, రాజీ ప్రయత్నం విఫలమైతే ఉభయులలో ఎవరైనా నేరుగా ట్రిబ్యునలును ఆశ్రయించవచ్చును. 1926 నుండి సంఘానికి కొరతగా ఉన్న పలికే హక్కు ఇన్నాళ్ళకు కాగితం మీదికి వచ్చిందని సంతోషించవచ్చును. కాని అదే స్మృతిలో, ఏ పరిశ్రమలోనైనా సమ్మెకు పదునాలుగు రోజుల ముందు నోటీసు ఇవ్వాలనీ, రాజీ ప్రయత్నం జరుగుతున్నంతకాలం, ట్రిబ్యునల్ విచారణ సాగుతున్నంతకాలం సమ్మె కూడదనీ ఉన్నది. ముఖాముఖి కూర్చుండే పీట వేశారు. లేచిపోతానని చెప్పగలిగే స్వేచ్ఛను బిగించారు. లేచిపోయే స్వేచ్ఛ లేనివాని మాటకు బేరంలో ఎంత విలువ ఉంటుందో సంతకు వెళ్ళిన ప్రతి గృహిణికీ తెలుసును. గిరిగారు ఉండి ఉంటే మొదటిదానిని మెచ్చి, రెండవదానిని గూర్చి గట్టిగా ప్రశ్నించి ఉండేవారని నా నమ్మకం.

ఉపాధ్యాయమిత్రులకు ఒక విన్నపం. తరగతిలో ఇద్దరు పిల్లలు బెంచీ చివరి చోటు కోసం తగవుపడితే మనం ఏమి చేస్తాము? గద్దించి ఒకరికి చోటిచ్చి, రెండవవానిని వెనుకకు పంపుతాము. తరగతి నిశ్శబ్దమవుతుంది. సాయంత్రం గేటు దగ్గర ఆ తగవు మళ్ళీ మొదలవుతుంది, మనకు తెలియదు. ఆ ఇద్దరినీ పది నిమిషాలు ఒకచోట కూర్చోబెట్టి, మీరే తేల్చుకొని వచ్చి చెప్పండి అన్నామా, మొదట బిగుసుకొంటారు, తరువాత ఒకరోజు నీవు, ఒకరోజు నేను అని ఒప్పందానికి వస్తారు. దానిని తప్పితే ఎదుటివాడే గుర్తుచేస్తాడు. రేపు కర్మాగారంలోనో, కార్యాలయంలోనో బల్లకు అటో ఇటో కూర్చోబోయేవారు ఈ పిల్లలే.

అందుకని సాంఘిక శాస్త్రం పాఠంలో గిరిగారి పేరు వచ్చిన రోజున, నాలుగవ రాష్ట్రపతి ఎవరన్న ప్రశ్నతో పాటు మరొకటి కూడ అడగండి. 1954లో ఆయన మంత్రి పదవి ఎందుకు విడిచారు? దానికి సమాధానం ఒక్క మాటలో రాదు. ఆ తరగతిలో కాసేపు వాదం జరుగుతుంది. జరగనివ్వండి, తీర్పు చెప్పటానికి తొందరపడకండి.